మాటలు తగ్గించుకున్న కథానాయిక: జపాన్ యాక్షన్ చిత్రాల్లో మేయికో కాజి

క్వెంటిన్ టరంటినో తీసిన ‘కిల్ బిల్’ చిత్రాలను చూసిన తెలుగు ప్రేక్షకులు చాలామందే ఉంటారు. పేరు తెలియకపోయినా, వాళ్లంతా జపాన్ నటి మేయికో కాజి గొంతు విన్నవారే. 2003లో వచ్చిన మొదటి భాగంలో, మంచు కప్పిన తోటలో జరిగే కత్తియుద్ధం ముగిసే వేళ వినిపించే జపనీస్ పాట ఆమె 1973లో పాడినది. అదే చిత్రాల్లో వాడుకున్న మరో పాట ‘ఉరామి బుషి’ అంతకన్నా ఒక ఏడాది ముందుది. ఆ రెండు పాటల వల్ల 1970ల నాటి ఆమె చిత్రాలు ప్రపంచమంతటా మళ్లీ వెలుగులోకి వచ్చాయి. అయితే ఆ వెలుగుతో పాటు ఒక గందరగోళం కూడా వచ్చింది. ఆమెను కొందరు యాకుజా (జపాన్ నేరముఠాల) చిత్రాల తార అంటారు, కొందరు సమురాయ్ చిత్రాల తార అంటారు, ఇంకొందరు హింసనూ నగ్నత్వాన్నీ కలిపి అమ్మిన చౌక సినిమాల తార అంటారు. ఆమె పాత్రలు స్త్రీల పక్షాన నిలిచాయని ఒక వర్గం, స్త్రీల బాధను సరుకు చేశాయని మరో వర్గం వాదిస్తూ వస్తున్నాయి. ఈ మాటల్లో ప్రతిదానిలోనూ కొంత నిజం ఉంది. కానీ అవన్నీ ఒకే మనిషికి ఎలా అతికాయో తెలియాలంటే, ముందు ఆమె పనిచేసిన పరిశ్రమ ఆ రోజుల్లో ఏ స్థితిలో ఉందో చూడాలి.

జపాన్‌లో 1958లో అమ్ముడుపోయిన సినిమా టికెట్లు దాదాపు 112 కోట్ల 70 లక్షలు. 1970 నాటికి ఆ సంఖ్య 25 కోట్ల చిల్లరకు, 1972 నాటికి 19 కోట్ల లోపుకు పడిపోయింది. ఇంటింటికీ టెలివిజన్ రావడం దీనికి ముఖ్య కారణం. ఇంత పతనంలోనూ పెద్ద సంస్థలు తమ పాత పద్ధతిని వెంటనే వదులుకోలేదు. షోచికు, తోహో, దాయే, తోయే, నిక్కాత్సు సంస్థలకు సొంత స్టూడియోలు, సొంత దర్శకులు, నెలజీతపు నటీనటులు, తమ చిత్రాలనే ఆడించే థియేటర్ల వరుస ఉండేవి. ఒకే టికెట్టు మీద రెండు సినిమాలు చూపించడం రివాజు కాబట్టి, ఆ థియేటర్లకు కొన్ని వారాలకొకసారి కొత్త జత అందించక తప్పేది కాదు. ఆ అవసరం కోసం వేగంగా, తక్కువ ఖర్చుతో, ముందే తెలిసిన మూసలో తయారయ్యే చిత్రాలను ప్రోగ్రామ్ పిక్చర్లు అనేవారు. జూదగాళ్ల కథలు, జైలు కథలు, దయ్యాల కథలు, బైకు ముఠాల కథలు అన్నీ ఈ కోవలోవే. ఒకటి ఆడితే నాలుగు నెలల్లో రెండోది రావాలి, ఆడకపోతే మూసనే మార్చాలి. మేయికో కాజి పేరు తెచ్చుకున్న చిత్రాలన్నీ ఈ యంత్రంలోంచి వచ్చినవే.

ఈ యంత్రానికి ఒక బలమైన తాళం కూడా ఉండేది. 1953లో పెద్ద సంస్థలు తమలో తాము ఒక ఒప్పందం చేసుకున్నాయి. ఒక సంస్థతో కాంట్రాక్టులో ఉన్న నటుణ్ణి గానీ దర్శకుణ్ణి గానీ మరొక సంస్థ తీసుకోకూడదన్నది దాని సారం. నిక్కాత్సు 1958లో అందులో చేరింది. ఎంత పెద్ద తార అయినా సంస్థను కాదని బయటకు వస్తే పని దొరకడం కష్టమయ్యేది. 1971లో దాయే దివాలా తీయడం, నిక్కాత్సు తన పాత తరహా చిత్రాలను ఆపేయడం ఇంచుమించు ఒకేసారి జరగడంతో ఆ ఒప్పందం చెప్పాపెట్టకుండా నీరుగారిపోయింది. తాళం అలా ఊడినందువల్లనే కాజి మూడు సంస్థల్లో మూడు రకాల చిత్రాలు చేయగలిగారు. ఆమెను ఏ ఒక్క పేరుతో పిలిచినా తక్కువవుతుందనిపించడానికి అసలు కారణం ఇది. పదేళ్లు ముందు పుట్టి ఉంటే ఆమె ఒకే సంస్థ తారగా మిగిలేవారు, పదేళ్లు తర్వాత పుట్టి ఉంటే ఆ సంస్థలు తీసే ఆ రకం సినిమాలే ఉండేవి కావు.

ఆమె అసలు పేరు మసాకో ఓత. 1947 మార్చి 24న టోక్యోలో పుట్టారు. 1965లో నిక్కాత్సులో చేరి, కొన్నేళ్ల పాటు సొంత పేరుతోనే చిన్నాచితకా పాత్రలు వేశారు. అప్పట్లో నిక్కాత్సు యువకుల కోసం తీసే యాక్షన్ చిత్రాలకు పేరుపొందినది. వాటిలో కథానాయకులు యుజిరో ఇషిహరా, అకిరా కొబయాషి లాంటి మగవాళ్లు. ఆడవాళ్లు వారి పక్కన నిలబడేవారు, వారి కోసం ఎదురుచూసేవారు. 1969లో సీనియర్ దర్శకుడు మసహిరో మకినో తన చిత్రంలో అవకాశమిచ్చినప్పుడు మేయికో కాజి అనే కొత్త పేరు కూడా పెట్టారు. ఆ మరుసటి ఏడాది వచ్చిన ‘వీధిపిల్లి రాక్’ చిత్రాలతో ఆమె దశ తిరిగింది.

ఈ వరుసలో 1970 మే నుంచి 1971 జనవరి లోపు ఐదు చిత్రాలు వచ్చాయి. మొదటిది నిజానికి అకికో వాడా అనే గాయనిని తెరకు పరిచయం చేయడానికి తలపెట్టినది, కాజి అందులో రెండో స్థానంలోనే ఉన్నారు. అయినా చూసినవారి దృష్టి ఆమె మీద నిలవడంతో తర్వాతి చిత్రాలకు ఆమే కేంద్రమయ్యారు. ఐదింటిలో మూడు యసుహారు హసెబె తీసినవి, రెండు తొషియా ఫుజిత తీసినవి. పైకి ఇవన్నీ అల్లరిమూకల కథలే, ఆడపిల్లల ముఠాలు, మోటారుసైకిళ్లు, క్లబ్బు పాటలు, కొట్లాటలు. కానీ ఆ నాటి జపాన్ వాటిలోకి దొడ్డిదారిన వచ్చి కూర్చుంది. మూడోదైన ‘సెక్స్ హంటర్’ పేరు చూసి ఏదో చవకబారు సరుకనుకుంటే పొరపాటు. అమెరికా సైనిక స్థావరం ఉన్న తచికావాలో జరిగే ఆ కథలో, మిశ్రమ రక్తంతో పుట్టిన యువకులను ఊరు నుంచి తరిమేయాలని ఒక ముఠా వేట మొదలుపెడుతుంది. ఆ ముఠా నాయకుడికి సన్నిహితురాలైన అమ్మాయే అతనికి అడ్డు నిలుస్తుంది. నాలుగో చిత్రంలో వియత్నాం యుద్ధం నుంచి పారిపోయి వచ్చిన అమెరికా సైనికుడు ఉంటాడు. రెండో ప్రపంచ యుద్ధం ముగిసి పాతికేళ్లయినా పరాయి సైన్యం ఇంకా ఊళ్లోనే ఉన్న దేశపు చిరాకు, వారం తిరక్కుండా మరచిపోవాల్సిన ఈ చిత్రాల్లో కనిపించినంత సూటిగా ఆ నాటి గౌరవప్రదమైన చిత్రాలు అన్నింటిలోనూ కనిపించదు.

‘సెక్స్ హంటర్’లో కాజి వెడల్పాటి అంచు ఉన్న నల్ల టోపీ పెట్టుకుంటారు. ఆమె నటనలో తర్వాత స్థిరపడిపోయిన పద్ధతి అక్కడ మొదటిసారి స్పష్టంగా కనబడుతుంది. ముఠాలోని మిగతా అమ్మాయిలు అరుస్తారు, నవ్వుతారు, మీద పడతారు. ఆమె మాత్రం వారికి ఒక అడుగు దూరంలో ఉండి, ఎదుటివాడు మాట్లాడటం పూర్తయ్యేదాకా చూసి, అప్పుడు ఒక్క మాట అంటుంది. టోపీ అంచు కింద కళ్లు సగం నీడలో ఉంటాయి. నాయకురాలన్న సంగతి సంభాషణ చెప్పనక్కర్లేకుండానే తెలిసిపోతుంది. అదే ఏడాది తెరువో ఇషీ తీసిన దయ్యం కథా యాకుజా కథా కలగలిసిన చిత్రంలో వీపు మీద డ్రాగన్ పచ్చబొట్టున్న ముఠా పెద్దగా ఆమె చేశారు. విచిత్రంగా ఉండి చూడబుద్ధేసే చిత్రమే గానీ, అందులో ఆమె పాత్రకన్నా దర్శకుడి వింతలే ఎక్కువ.

1971 నవంబరులో నిక్కాత్సు పూర్తిగా శృంగార చిత్రాల వైపు మళ్లింది. రోమన్ పోర్నో పేరుతో మొదలైన ఆ బాట సంస్థను చాలా ఏళ్లు బతికించింది, కొందరు మంచి దర్శకులకు అవకాశమూ ఇచ్చింది. కాజి ఆ బాటలో వెళ్లదలచుకోక సంస్థను వదిలి తోయేకు వచ్చారు. సరిగ్గా అప్పుడే తోయేకు ఒక కథానాయిక అవసరం పడింది. 1968 నుంచి మహిళా జూదరి పాత్రతో ఆ సంస్థకు లాభాలు తెచ్చిపెట్టిన జుంకో ఫుజి, కబుకి అనే సంప్రదాయ రంగస్థలానికి చెందిన ఒక నటుణ్ణి పెళ్లి చేసుకుని 1972లో తెర నుంచి తప్పుకున్నారు. ఆ ఖాళీని నింపే ఉద్దేశంతో కాజి చేత టోక్యోలోని గింజా వీధుల్లో సంచరించే జూదరి పాత్ర రెండు చిత్రాల్లో వేయించారు. అవి ఫరవాలేదనిపించాయి, అంతే. ఫుజి పాత్రల్లోని మర్యాద, త్యాగం, కిమోనో సొగసు కాజి స్వభావానికి అమరేవి కావు. ఇంకొకరి ఖాళీలో ఆమె ఒదగలేదన్న సంగతి ఆ రెండు చిత్రాలు చూస్తే అర్థమవుతుంది.

అదే 1972 ఆగస్టులో ‘మహిళా ఖైదీ 701: తేలు’ విడుదలైంది. తోరు షినోహరా గీసిన మాంగా (జపాన్ బొమ్మల కథ) దీనికి మూలం. దర్శకుడు షున్యా ఇతోకు ఇదే మొదటి చిత్రం. మత్తుమందుల విభాగపు డిటెక్టివ్‌ను నమ్మిన నామి మత్సుషిమా అనే అమ్మాయిని, అతను తన కేసు కోసం యాకుజా ముఠాకు ఎరగా వేస్తాడు. ఆమె మీద జరిగిన అఘాయిత్యాన్ని కూడా తన పనికి వాడుకుంటాడు. అతణ్ణి పొడవబోయి విఫలమైన ఆమె జైలుకు వెళ్తుంది. అక్కడినుంచి కథంతా తిరిగి అతని దగ్గరకు చేరుకోవడమే.

మాంగాలోని నామి నోరు జోరు మనిషి, బూతులు ధారాళంగా వాడుతుంది. కాజి ఆ మాటలు పలకడానికి ఇష్టపడలేదు. ఆ పాత్రను దాదాపు మాటల్లేకుండా చేస్తానని అడిగి, దర్శకుణ్ణి ఒప్పించారు. ఈ విషయం ఆమె పలు ఇంటర్వ్యూల్లో చెప్పినదే. మొత్తం ఈ కథలో నాకు అన్నింటికన్నా ముఖ్యంగా తోచేది ఈ నిర్ణయమే. ఎందుకంటే ఆ మౌనాన్ని చాలామంది దర్శకుడి శైలిగానో, తూర్పుదేశాల స్త్రీకి సహజమైన గుణంగానో రాసేశారు. రెండూ సరికావు. జపాన్ ప్రోగ్రామ్ పిక్చర్ల కథానాయికలు తక్కువ మాట్లాడేవారేమీ కారు. జుంకో ఫుజి జూదరి అయితే తెర మీదికి వస్తూనే సంప్రదాయం ప్రకారం తన ఊరూ పేరూ చెప్పి సుదీర్ఘంగా పరిచయం చేసుకుంటుంది. ఇది ఒక ఉద్యోగి లాంటి నటి, చేతికొచ్చిన స్క్రిప్టులో తనకున్న ఒకే ఒక అధికారాన్ని, అంటే వద్దనే అధికారాన్ని, వాడుకుని చేసిన పని. సంభాషణలు వద్దన్నాక ఆమెకు మిగిలింది చూపు. దాంతో కెమెరా కూడా ఆమె చూపు చుట్టూ కట్టుకోవాల్సి వచ్చింది.

ఇతో ఆ అవకాశాన్ని అంది పుచ్చుకున్న తీరు కూడా మెచ్చుకోదగినది. మొదటి సన్నివేశంలోనే జైలు అధికారులకు ప్రశంసాపత్రం ఇచ్చే వేడుకలో జాతీయగీతం మోగుతుంటే, ఖైదీలు పారిపోయారని సైరన్ మోగుతుంది. నామి గతాన్ని చెప్పే భాగాన్ని రంగస్థలం లాగా తీశారు. సెట్టు తిరుగుతుంది, గోడలు జారిపోతాయి, అత్యాచార సన్నివేశాన్ని గాజునేల కింది నుంచి చూపిస్తారు. అంతకుముందు ప్రియుడైన ఆ డిటెక్టివ్‌తో గడిపిన రాత్రి తెల్లటి వస్త్రం మీద పడిన రక్తపు మరక గుండ్రంగా విస్తరించి జపాన్ జెండా ఆకారం తీసుకుంటుంది. ఆమెను మోసం చేసినవాడు పోలీసు, హింసించేది జైలు, ఆ రెంటి మీదా ఎగిరేది ఆ జెండా అన్నది ఆ ఒక్క మరకతో చెప్పేశారు. తోయే లాంటి సంస్థలో కొత్త దర్శకుడు, జంట చిత్రాల్లో ఒకటిగా విడుదలయ్యే సినిమాలో, ఇంత ధైర్యం చేయడం మామూలు విషయం కాదు. ఈ చిత్రానికి ఇతోకు జపాన్ దర్శకుల సంఘం కొత్త దర్శకుడి పురస్కారం ఇచ్చింది.

నాలుగు నెలల తర్వాత, డిసెంబరు చివర్లో రెండో చిత్రం ‘41వ నంబరు జైలు’ వచ్చింది. నా దృష్టిలో కాజి నటజీవితంలో శిఖరం ఇదే. నేలమాళిగ కొట్టులో చేతులు కాళ్లు కట్టేసిన నామి, నోట్లో చెంచా కరచిపట్టుకుని దాని కాడను సిమెంటు నేల మీద రాస్తూ పదును పెడుతుండగా సినిమా మొదలవుతుంది. మాట్లాడాల్సిన నోరు ఇక్కడ ఆయుధం తయారుచేసే పనిలో ఉంది. గీస్తున్న శబ్దం తప్ప మరేమీ వినబడదు. ఆమె తల పక్కకు వాల్చి ఉండటం వల్ల, జుట్టు మధ్యనుంచి ఒక్క కన్నే మనకు కనిపిస్తుంది. ఆ కన్ను కోపంగా ఉండదు, ఏడుపూ ఉండదు, పని మీద ఉంటుంది. చిత్రం మొత్తం మీద ఆమె పలికే మాటలు వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. ఆమెతో పారిపోయిన మిగతా ఆడవాళ్లు మాత్రం తెగ మాట్లాడతారు, పోట్లాడుకుంటారు, ఒకరి నేరం ఒకరు ఎత్తిపొడుచుకుంటారు. ఒక ముసలావిడ ఆ ఒక్కొక్కరి నేరాన్నీ పాత తోలుబొమ్మల నాటకాల్లోని గానం లాంటి పద్ధతిలో చెప్పే ఘట్టం, ఆవిడ రాలిన ఆకుల కింద కప్పబడిపోయే ఘట్టం వాణిజ్య చిత్రాల్లో అరుదుగా దొరికే కవిత్వం.

ఆ పారిపోయే దారిలోనే విహారయాత్రకు వెళ్తున్న బస్సు ఒకటి ఎదురవుతుంది. అందులోని నడివయసు మగవాళ్లు, యుద్ధకాలంలో చైనాలో తాము ఆడవాళ్లను ఏంచేశారో గొప్పగా చెప్పుకుంటారు. ఆ తర్వాత వాళ్ల చేతికి చిక్కిన ఒక ఖైదీ మీద అదే చేస్తారు. ఇక్కడ సినిమా ఒక జైలు గురించో ఒక ద్రోహి గురించో మాట్లాడటం మానేసి, ఒక తరం మగవాళ్ల గురించి మాట్లాడుతుంది. చివర్లో జైలు అధికారి మీద పగ తీరాక, చనిపోయిన సహఖైదీలందరూ ఖైదీ దుస్తుల్లోనే నగరం గుండా పరుగెడుతూ ఒక కత్తిని చేతులు మార్చుకుంటూ పోతారు. నామి పగ ఆమె ఒక్కదానిదే కాదని అంతకన్నా తేటగా ఏ సంభాషణా చెప్పలేదు.

ఇక అసలు వివాదానికి వస్తే, ఈ చిత్రాలు స్త్రీ పక్షమా, స్త్రీని అమ్ముకున్నవా? 1970ల మొదట్లో తోయే హింసనూ నగ్నత్వాన్నీ కలిపి, అల్లరి ఆడపిల్లలు కథానాయికలుగా వరసపెట్టి చిత్రాలు తీసింది. రెయికో ఇకె, మికి సుగిమోతో వాటిలో ప్రధాన తారలు. తర్వాతి కాలంలో వీటికి పింకీ వయొలెన్స్ అన్న పేరు స్థిరపడింది. కాజి తేలు చిత్రాలను కూడా సాధారణంగా ఆ గంపలోనే వేస్తారు. మొదటి తేలు చిత్రంలో నగ్న దృశ్యాలున్నాయి, చిత్రహింసలున్నాయి, మగ ప్రేక్షకుల కోసం వాటిని కావాలని సాగదీసిన క్షణాలున్నాయి. వాటిని లేవని చెప్పడం చిత్రాన్ని కాపాడటం కాదు, అబద్ధం చెప్పడం. అయితే అదే తెర మీద, ఆ దృశ్యాలను చూస్తున్నవాడి వైపు తిరిగి చూసే ఒక ముఖం కూడా ఉంది. మామూలు జైలు చిత్రంలో బాధపడే స్త్రీ కళ్లు మూసుకుంటుంది, అరుస్తుంది, వేడుకుంటుంది, అలా చూసేవాడికి తన భయాన్ని అందిస్తుంది. కాజి ఆ మూడూ ఇవ్వరు. ఎదుటివాడికి దక్కాల్సిన ప్రతిస్పందన దక్కదు. జైలు అధికారులకు ఆమె మీద అంత కక్ష ఎందుకో కథ వేరుగా వివరించనవసరం లేదు, ఆ దక్కకపోవడమే కారణం.

అవే సంవత్సరాల్లో జపాన్‌లో స్త్రీ విముక్తి ఉద్యమం వీధుల్లోకి వచ్చింది. 1970 నుంచి ప్రదర్శనలు, కరపత్రాలు, సమావేశాలు ఊపందుకున్నాయి. తోయే ఆ ఉద్యమానికి మద్దతుగా ఈ చిత్రాలు తీసిందనడానికి ఏ ఆధారమూ లేదు, తీసింది టికెట్ల కోసం. కానీ టికెట్ల కోసం తీసిన చిత్రంలోకి కాలం దూరకుండా ఎవరూ తలుపులు మూయలేరు. అందుకే ‘ఇది ఏ పక్షం’ అన్న ప్రశ్నకు సంస్థ పరంగా ఒక జవాబు, చిత్రం పరంగా ఒక జవాబు, నటి పరంగా మరొక జవాబు వస్తాయి. వాటిని ఒకటిగా కలిపేయాలన్న తొందరలోనే ఈ వాదం యాభై ఏళ్లుగా తెగడం లేదని నా అభిప్రాయం. ఉద్దేశం సంస్థది, ఊహ దర్శకుడిది, నిరాకరణ ఆమెది.

1973 ఆమెకు ఎంత ఒత్తిడి ఏడాదో విడుదల తేదీలే చెబుతాయి. ఏప్రిల్‌లో కింజి ఫుకసకు తీసిన యాకుజా చిత్రం ‘హిరోషిమా మరణపోరు’, జూలైలో మూడో తేలు చిత్రం, డిసెంబరు 1న ‘లేడీ స్నోబ్లడ్’, డిసెంబరు నెలాఖరున నాలుగో తేలు చిత్రం. వీటిలో మూడు తోయేవి, ఒకటి తోహో విడుదల చేసినది. కొన్నేళ్ల ముందైతే ఒకే నెలలో ఒకే నటి రెండు ప్రత్యర్థి సంస్థల పోస్టర్ల మీద కనిపించడం ఊహకందని విషయం.

‘లేడీ స్నోబ్లడ్’ ఆమె చిత్రాల్లో విదేశాల్లో బాగా పేరున్నది. కజువో కొయికె రాసి, కజువో కమిమురా బొమ్మలు వేసిన మాంగా ఆధారంగా, ఆమెకు నిక్కాత్సు రోజుల నుంచి పరిచయమున్న తొషియా ఫుజిత దీన్ని తీశారు. సమురాయ్ చిత్రమని దీన్ని పిలవడం అలవాటైపోయింది గానీ, కథ జరిగే నాటికి సమురాయ్‌ల కాలం అయిపోయింది. ఇది మెయిజి యుగపు కథ, అంటే జపాన్ పాశ్చాత్య పద్ధతిలో సైన్యం, బడులు, మంత్రివర్గాలు కట్టుకుంటున్న రోజులది. 1873లో నిర్బంధ సైనిక సేవ ప్రకటించినప్పుడు పల్లెల్లో రేగిన భయాన్ని సొమ్ము చేసుకున్న నలుగురు దుర్మార్గులు, తెల్లదుస్తులు వేసుకున్న ఒక బడిపంతులును సర్కారు మనిషి అని ఊరివాళ్లను నమ్మించి చంపుతారు, అతని భార్యను చెరుస్తారు. పగ మధ్యలోనే జైలు పాలైన ఆమె, ఆ పగను పూర్తి చేయడానికే జైల్లో ఒక బిడ్డను కంటుంది. ఆ బిడ్డే యుకి. గొడుగు పిడిలో కత్తి దాచుకుని తిరిగే ఆమెకు తన జీవితమన్నది లేదు, పుట్టక ముందే అప్పగించిన పని ఒకటి ఉంది.

నామికీ యుకికీ తేడా ఇక్కడే ఉంది. నామి పగ తన సొంత అనుభవం నుంచి పుట్టినది, కాబట్టి ఆమె మౌనంలో నిప్పు ఉంటుంది. యుకి పగ వారసత్వంగా వచ్చినది. తాను ఎరుగని తల్లి కోసం, ఆమె భర్త కోసం, తనకు ఏ అపకారమూ చేయని మనుషులను చంపాలి. కాజి దీన్ని చాలా సూక్ష్మంగా పట్టుకున్నారు. యుకి చూపు నామి చూపులా ఎదుటివాణ్ణి కాల్చదు, ఎక్కడో దూరంగా ఉంటుంది. దుర్మార్గుల్లో ఒకడు తాగుబోతుగా, దీనంగా, కూతురి సంపాదన మీద బతుకుతూ దొరికినప్పుడు ఆ ముఖంలో ఒక్క క్షణం కనిపించే తడబాటు చూడాలి. చంపక తప్పదు, చంపితే నిండేదేమీ లేదు. రక్తం ఫౌంటెన్లా చిమ్మే ఆర్భాటపు చిత్రంలో ఆ క్షణాన్ని నిలబెట్టడం నటి చేసిన పనే. టరంటినో ఈ చిత్రం నుంచి మంచును, తెల్ల కిమోనోను, అధ్యాయాల విభజనను, పాటను తీసుకున్నారు. ఈ తడబాటును తీసుకోలేదు. 1974లో వచ్చిన రెండో భాగంలో యుకిని రహస్య పోలీసులు ఒక అరాజకవాది మీద గూఢచారిగా పంపుతారు, రాజకీయం ఇంకా నేరుగా మాట్లాడుతుంది గానీ, పగ లేని యుకికి ఆ కథలో చేయడానికి పెద్దగా ఏమీ దొరకలేదు.

పాటల సంగతి కూడా ఇక్కడే చెప్పుకోవాలి. ‘ఉరామి బుషి’ పాటను దర్శకుడు ఇతోయే రాశారు, సంగీతం షున్సుకె కికుచి. స్నోబ్లడ్ పాటను మాంగా రచయిత కొయికె రాస్తే మసాకి హిరావో బాణీ కట్టారు. తెర మీద నోరు విప్పని స్త్రీ లోపల ఏముందో ఈ పాటలు చెబుతాయి. అవి కథలో ఆగి పాడే పాటలు కావు, దృశ్యాల మీద ఆమె గొంతే వినిపిస్తుంది. అంటే సంభాషణల్లోంచి ఆమె తీసేసిన మాటలు పాట రూపంలో తిరిగి వచ్చాయి. ఆ గొంతులో కూడా రోదన లేదు, తక్కువ స్థాయిలో, ఊపిరి పొదుపు చేస్తున్నట్లు పాడతారు. పాట ఎవరిదో తెలియకుండానే విదేశీ శ్రోతలు దాన్ని గుర్తుపెట్టుకోవడానికి ఆ పొదుపే కారణమై ఉండాలి.

మూడో తేలు చిత్రం తర్వాత ఇతో ఆ వరుస నుంచి తప్పుకున్నారు. నాలుగోది ఆమెకు నిక్కాత్సులో తెలిసిన హసెబె తీశారు. అంతటితో కాజి కూడా ఆపేశారు. ఇంకా డబ్బులు వస్తున్న వరుసను కథానాయిక ఆపేయడం తోయేకు రుచించే విషయం కాదు. 1976లో యుమి తకిగావాతో, 1977లో యోకో నత్సుకితో కొత్త తేలు చిత్రాలు తీశారు. కథ అదే, దుస్తులూ అవే, జైలూ అదే. పాత చిత్రాల్లా జనం మనసులో అవి నిలవలేదు. ప్రోగ్రామ్ పిక్చర్ల లెక్కలో మనిషిని మార్చినా మూస నడవాలి. ఈ మూస నడవలేదు, ఎందుకంటే అది మూసగా కనిపించినా ఒక మనిషి కాదన్న వాటితో తయారైనది.

యాకుజా చిత్రాల్లో ఆమెకు దక్కినవి చిన్న పాత్రలే. ‘హిరోషిమా మరణపోరు’లో యుద్ధంలో భర్తను పోగొట్టుకున్న యసుకో అనే స్త్రీగా, ఒక యువ హంతకుడి ప్రియురాలిగా చేశారు. ఆమె బాబాయి వరసైన ముఠా పెద్ద, ఆమెనే ఎరగా చూపి ఆ యువకుణ్ణి హత్యలకు వాడుకుంటాడు. ఆమె చేతిలో ఆయుధం లేదు, పారిపోయే దారి లేదు. పగ తీర్చుకునే స్త్రీగానే ఆమెను ఎరిగినవారు ఈ పాత్ర చూస్తే ఆమె పరిధి ఎంతటిదో తెలుస్తుంది. 1976లో అదే ఫుకసకు తీసిన ‘యాకుజా సమాధి’లో జైల్లో ఉన్న ముఠా మనిషికి భార్యగా, కొరియన్ రక్తం ఉన్న స్త్రీగా చేశారు. జపాన్ సమాజం పైకి మాట్లాడటానికి ఇష్టపడని వివక్ష ఆ పాత్రలో ఉంది.

1978లో యసుజో మసుమురా ‘సొనెజాకి ప్రేమమరణం’ తీశారు. 1703లో చికమత్సు మొన్‌జయెమోన్ తోలుబొమ్మల రంగస్థలం కోసం రాసిన నాటకం దీనికి ఆధారం. వేశ్య ఒహత్సుగా కాజి నటనకు ఆ ఏటి ఉత్తమ నటిగా కినెమా జుంపో పత్రిక పురస్కారం, సినిమా విలేకరులిచ్చే బ్లూ రిబ్బన్ పురస్కారం దక్కాయి. చౌక చిత్రాల నుంచి బయటపడి చివరికి గొప్ప నటి అయ్యారని ఈ ఘట్టాన్ని రాయడం మామూలు. నేను దీన్ని ఒప్పుకోలేను. మసుమురా నటులచేత సంభాషణలు వేగంగా, ధాటిగా, ఊపిరి తిరగనివ్వకుండా చెప్పిస్తారు. కాబట్టి ఐదేళ్ల పాటు మాటలు దాచుకున్న నటి ఇక్కడ మాటల వరదలో నిలబడాల్సి వచ్చింది. ఆ వరదలోనూ ఒహత్సు తన నిర్ణయం ముందే చేసేసుకుందని, మాటలన్నీ ఆ నిర్ణయం తర్వాత వస్తున్నవేనని మనకు తెలుస్తూనే ఉంటుంది. వసారా కింద దాక్కున్న ప్రియుడు, ఆమె పాదాన్ని తన గొంతుకు ఆనించుకుని, చావడానికి సిద్ధమేనని సైగ చేసే ఘట్టం ఆ నాటకానికి ప్రాణం. పైన మనుషులు మాట్లాడుతుంటే, ఒప్పందం మాత్రం మాట లేకుండా పాదంతో కుదురుతుంది. చికమత్సు దీన్ని కాజి పుట్టడానికి రెండు వందల ఏళ్లకు పైగా ముందే రాశారు గానీ, ఆమెకంటే తగిన నటిని ఆ పాత్రకు వెతకడం కష్టం.

ఆ తర్వాత సినిమా పరిశ్రమలో అలాంటి పాత్రలు రాసేవారే తగ్గిపోయారు. ప్రేక్షకుల్ని తీసుకుపోయిన టెలివిజనే ఆమెకు పని ఇచ్చింది. షోతారో ఇకెనామి నవలల ఆధారంగా ఫుజీ టెలివిజన్ 1989లో మొదలుపెట్టిన ‘ఒనిహెయి హంకచో’లో ఒమసా పాత్ర ఆమెది. జపాన్‌ను షోగన్లు ఏలిన ‘ఎదో’ యుగం నాటి నేర విచారణాధికారిగా నకమురా కిచియెమోన్ చేసిన ఆ ధారావాహిక, ప్రత్యేక భాగాలతో కలిపి 2016 వరకు సాగింది. ఒమసా ఒకప్పటి దొంగ, ఇప్పుడు అదే అధికారికి వేగు. జనంలో కలిసిపోయి, గుర్తుపట్టనివ్వకుండా, దొంగల కదలికలు కనిపెట్టడం ఆమె పని. జపాన్‌లో ఓ వయసు దాటిన ప్రేక్షకులకు మేయికో కాజి అనగానే ముందు గుర్తొచ్చేది తేలు కాదు, ఈ ఒమసాయే. బయటి ప్రపంచానికి తెలిసినది ఓ అయిదేళ్ల కాజి, ఆమె దేశానికి బాగా తెలిసినది పాతికేళ్లకు పైగా ఇంటింటా కనిపించిన కాజి. 2018లో వచ్చిన ఆత్మకథలో ఆమె ఈ రెండు కాలాల గురించీ చెప్పుకున్నారు.

ఆమె చిత్రాలను కొత్తగా చూడాలనుకునేవారు చాలాచోట్ల సూచించినట్లు ‘లేడీ స్నోబ్లడ్’తో మొదలుపెట్టకుండా, ‘సెక్స్ హంటర్’, తర్వాత మొదటి రెండు తేలు చిత్రాలు, ఆ తర్వాత ‘హిరోషిమా మరణపోరు’, అప్పుడు స్నోబ్లడ్, చివరగా ‘సొనెజాకి’ ఈ వరుసలో చూస్తే మేలు. స్నోబ్లడ్‌తో మొదలుపెడితే ఆ నిశ్చలమైన ముఖం ఒక అలంకారంలా కనిపించే ప్రమాదం ఉంది. నల్ల టోపీ కింద ఆ చూపు ఎలా మొదలైందో, చెంచా పదునుపెట్టే నేలమాళిగలో ఎలా గట్టిపడిందో ముందు చూసినవారికి, యుకి ముఖంలోని దూరం ఎంత ఆలోచించి చేసినదో వేరే ఎవరూ చెప్పక్కర్లేదు.